రెండు ఆటల్లోనూ ప్రొఫెషనల్ కావచ్చా? ఒక రిటైర్డ్ పీడీ సమాధానం

ఖమ్మం నుంచి ఒక తండ్రి అడిగిన ప్రశ్న ఇది, కాస్త కుదించి రాస్తున్నాను: "మా వాడు తొమ్మిదో తరగతి. క్రికెట్‌లో ఫాస్ట్ బౌలర్. బ్యాడ్మింటన్‌లో కూడా జిల్లా స్థాయిలో గెలుస్తున్నాడు. రెండు చోట్లా కోచ్‌లు ఒకటే మాట, ఏదో ఒకటి తేల్చుకోండి, రెండు పడవల మీద కాళ్లు పెడితే మునుగుతాడు అంటున్నారు. వాడేమో అమెరికాలో బో జాక్సన్ రెండు ఆటలూ ఆడి రెండింట్లోనూ స్టార్ అయ్యాడు కదా అని వీడియోలు చూపిస్తున్నాడు. మాకు టెన్షన్‌గా ఉంది. ఏం చేయాలి?"

ముందు జవాబు చెప్పేస్తాను, తర్వాత కథల్లోకి వెళ్దాం. చాలా ఏళ్లు కాలేజీలో పీడీగా, అంటే ఫిజికల్ డైరెక్టర్‌గా, చేసినవాణ్ని, మొదలుపెడితే తొందరగా ఆపలేను. తొమ్మిదో తరగతి పిల్లాడి చేత ఇప్పుడే ఒక ఆట మాన్పించక్కర్లేదు. టెన్త్ అయ్యేదాకా రెండూ ఆడనివ్వండి, కానీ కొన్ని షరతులతో, అవి కింద రాశాను. ఇక పెద్దయ్యాక రెండింట్లోనూ డబ్బు తీసుకుని ఆడే ఆటగాడు అవుతాడా అంటే, ఆ ఆశ పెట్టుకోకండి. దానికి కారణం మాత్రం మీ కోచ్‌లు చెబుతున్న ఏకాగ్రత గొడవ కాదు. రెండు ఆటలు ఆడగల టాలెంట్ ఉన్న పిల్లలు ప్రతి జిల్లాలోనూ నలుగురైదుగురు ఉంటారు, నేనే చూశాను. వాళ్లను ఆపేది ముఖ్యంగా మ్యాచ్‌ల తేదీలు, జీతం ఇచ్చేవాడి షరతులు. ఆ తర్వాత ఒంటికి తగిలే దెబ్బలు.

మీ వాడు చూపిస్తున్న బో జాక్సన్ దగ్గరే మొదలుపెడదాం, ఎందుకంటే ఆ వీడియోల్లో ఉండేది సగం కథే. అలబామాలో బెస్సెమర్ అనే ఊళ్లో 1962లో పుట్టాడు, పదిమంది సంతానంలో ఎనిమిదోవాడు. 1982లో స్కూలు అయిపోగానే న్యూయార్క్ యాంకీస్ బేస్‌బాల్ జట్టు అతన్ని డ్రాఫ్ట్‌లో ఎంచుకుంది. డ్రాఫ్ట్ అంటే మన ఐపీఎల్ వేలం లాంటిది కాదు, జట్లు వరసలో వచ్చి కుర్రాళ్లను పేరు పెట్టి తీసుకుంటాయి, తీసుకున్న జట్టుతోనే బేరం. బో వద్దనేసి ఆబర్న్ యూనివర్సిటీకి పోయాడు. అక్కడ 1985లో హైస్మన్ ట్రోఫీ గెలిచాడు, అంటే ఆ ఏడాది అమెరికా కాలేజీ ఫుట్‌బాల్‌లో అతనే మొనగాడు. (ఇక్కడ ఫుట్‌బాల్ అంటే మనం అనుకునేది కాదు, హెల్మెట్లు పెట్టుకుని బంతి చేత్తో పట్టుకుని ఒకరి మీద ఒకరు పడే అమెరికన్ ఆట.)

1986లో టాంపా బే ఫుట్‌బాల్ జట్టు మొత్తం డ్రాఫ్ట్‌లో మొట్టమొదటి పేరుగా అతన్ని తీసుకుంది. అంతకుముందే ఆ జట్టు యజమాని తన సొంత విమానంలో బోని టాంపాకి రప్పించాడు. కాలేజీ ఆటగాడు అలా ప్రొఫెషనల్ జట్టు సొమ్ముతో ప్రయాణం చేయడం రూల్స్‌కి విరుద్ధం, దాంతో ఆబర్న్‌లో అతని చివరి బేస్‌బాల్ సీజన్ మధ్యలోనే ఆగిపోయింది. తనని బేస్‌బాల్ నుంచి తప్పించడానికి కావాలనే చేశారని బో గట్టిగా నమ్మాడు. వాళ్లు కోట్లు ఇస్తామన్నా సంతకం పెట్టలేదు, అందులో చిన్న భాగానికే కాన్సాస్ సిటీ రాయల్స్‌లో చేరి బేస్‌బాల్ ఆడాడు. పంతం అంటే పంతమే.

మరి ఫుట్‌బాల్‌లోకి మళ్లీ ఎలా వచ్చాడు? ఇదీ మీరు గమనించాల్సింది. 1987లో లాస్ ఏంజెలెస్ రైడర్స్ అతన్ని ఏడో రౌండ్‌లో, 183వ పేరుగా తీసుకుంది. ఏడాది కిందట మొదటి పేరు, ఇప్పుడు 183. ఇతను ఎలాగూ రాడు, అనవసరంగా ఒక అవకాశం పోగొట్టుకోవడం ఎందుకని అందరూ వదిలేశారు. రైడర్స్ యజమాని ఆల్ డేవిస్ మాత్రం బేస్‌బాల్ సీజన్ మొత్తం ఆడుకో, అది అయ్యాకే మా దగ్గరికి రా అన్నాడు. అలా ఒప్పుకునే యజమాని దొరకడమే అసలు అదృష్టం. బో ఒళ్లు ఎంత గొప్పదైనా, ఆల్ డేవిస్ లాంటివాడు లేకపోతే మీ వాడి దగ్గర ఈ వీడియోలే ఉండేవి కావు.

ఇక తేదీలు చూడండి. అమెరికా బేస్‌బాల్ ఏప్రిల్‌లో మొదలై అక్టోబర్ మొదటి వారం దాకా 162 మ్యాచ్‌లు. ఫుట్‌బాల్ సెప్టెంబర్‌లో మొదలై డిసెంబర్ ఆఖరు దాకా, అప్పట్లో 16 మ్యాచ్‌లు. అంటే అసలు మ్యాచ్‌లు ఒకదాని మీద ఒకటి పడేది ఐదారు వారాలే. అందుకే ఆ రెండు ఆటల జోడీలోనే అంతమంది ప్రయత్నించగలిగారు. అయినా బో ప్రతి ఏడూ రైడర్స్‌తో ట్రైనింగ్ క్యాంప్ లేకుండా, సీజన్ సగంలో వచ్చి దిగేవాడు. నాలుగు సీజన్లలో కలిపి అతను ఆడింది 38 మ్యాచ్‌లే. అందులోనే 2,782 గజాలు పరుగెత్తాడు, బంతి పట్టుకున్న ప్రతిసారీ సగటున 5.4 గజాలు, అది ఆ ఆటలో మామూలు అంకె కాదు. 1987 నవంబర్ 30న, సరిగ్గా పాతికేళ్లు నిండిన రోజు, సియాటిల్ మీద 221 గజాలు. ఆ రోజే 91 గజాల పరుగు ఒకటుంది, చివర్లో గీత దాటి స్టేడియం సొరంగంలోకి అలాగే వెళ్లిపోతాడు. మీ వాడు చూపించే వీడియో అదే అయ్యుంటుంది.

బేస్‌బాల్‌లో 1989లో ఆల్‌స్టార్ మ్యాచ్‌లో (లీగ్‌లోని మేటి ఆటగాళ్లు ఆడేది) మొదటి బ్యాటర్‌గా వచ్చి హోమ్ రన్ (మన సిక్సర్ లాంటిది) కొట్టి ఆ మ్యాచ్ ఉత్తమ ఆటగాడు అయ్యాడు. ఆ ఏడాది 32 హోమ్ రన్లు. బాగుంది కదా? అదే ఏడాది 172 సార్లు స్ట్రైక్ అవుట్ అయ్యాడు, అంటే బంతిని కొట్టలేకే వెనక్కి వెళ్లాడు, ఆ లీగ్‌లో అందరికంటే ఎక్కువ. మొత్తం కెరీర్‌లో 141 హోమ్ రన్లు, బ్యాటింగ్ సగటు .250, అంటే నాలుగుసార్లకి ఒకసారే హిట్. అతనికి అపారమైన బలం ఉంది, వేగం ఉంది, గోడకి ఆనుకుని నిలబడి విసిరితే బంతి నేరుగా వికెట్‌ కీపర్ లాంటివాడి చేతిలో పడేంత చెయ్యి ఉంది. లేనిది ఒకటే, చలికాలమంతా బ్యాట్ పట్టుకుని కూర్చునే తీరిక. నిమిషాల్లో పోయే తేడా కాదది. బలం, వేగం ఒక ఆట నుంచి ఇంకో ఆటకి వెంట వస్తాయి, టైమింగ్ మాత్రం రాదు, ఏ ఆట టైమింగ్ ఆ ఆటలోనే కుదురుతుంది. మైకేల్ జోర్డాన్ కూడా 1994లో బాస్కెట్‌బాల్ మానేసి బర్మింగ్‌హామ్ బారన్స్ అనే కింది అంచె బేస్‌బాల్ జట్టుకి ఆడాడు కదా, ఒక పూర్తి సీజన్ కష్టపడితే వచ్చిన సగటు .202. ప్రపంచంలో అతనికన్నా గొప్ప అథ్లెట్ అప్పుడు ఎవరున్నారు? 1995 మార్చికల్లా బాస్కెట్‌బాల్‌కి తిరిగొచ్చేశాడు.

ఇప్పుడు రెండో సగం. 1991 జనవరి 13, సిన్సినాటి జట్టుతో ప్లేఆఫ్ మ్యాచ్, మూడో క్వార్టర్. బో బంతి పట్టుకుని కుడి పక్కగా 34 గజాలు పోయాడు, వెనక నుంచి ఒక డిఫెండర్ కాళ్లు పట్టుకున్నాడు. ఈ వీడియో కూడా దొరుకుతుంది, చూస్తే మామూలు ట్యాకిల్ లాగే ఉంటుంది. మామూలు మనిషైతే పడిపోయేవాడు. బో తొడల బలం ఎంతంటే అతను పడిపోకుండా ఇంకా ముందుకు లాగుతున్నాడు, వెనకవాడు పట్టు వదల్లేదు, ఆ లాగుడుకి ఎడమ తుంటి ఎముక గుంతలోంచి జారింది. దానికి రక్తం తీసుకెళ్లే నాళాలు దెబ్బతిన్నాయి, రక్తం అందక ఎముక తల చచ్చుబడిపోయింది. డాక్టర్లు అవాస్క్యులర్ నెక్రోసిస్ అంటారు. మార్చిలో రాయల్స్ అతన్ని వదిలేసింది. 1992లో తుంటి మార్పిడి. 1993లో షికాగో వైట్ సాక్స్‌కి కృత్రిమ తుంటితో తిరిగొచ్చి మొదటిసారి బ్యాట్ పట్టుకోగానే హోమ్ రన్ కొట్టాడు, అది వేరే గొప్పతనం, కానీ ఆ పాత వేగం మళ్లీ రాలేదు, 1994 తర్వాత ఆట లేదు. ముప్పై రెండేళ్లకి రెండు ఆటలూ అయిపోయాయి.

ఫుట్‌బాల్‌ని అతనే ఒకప్పుడు హాబీ అన్నాడు. జీతం ఇచ్చే ప్రధాన ఉద్యోగాన్ని ఆ హాబీయే మింగేసింది. రాయల్స్ వైపు నుంచి ఒకసారి ఆలోచించండి, మీరు డబ్బు పెట్టి పెంచుకున్న ఆటగాడు మీకు సంబంధం లేని మ్యాచ్‌లో పోయాడు. ఆ తర్వాత ఏ యజమాని ఒప్పుకుంటాడు?

డియోన్ సాండర్స్ అని ఇంకో అమెరికన్ ఆటగాడు ఒప్పించుకున్నాడు. ఇతను ఎలా నెగ్గుకొచ్చాడో చూస్తే బో ఎందుకు నెగ్గలేకపోయాడో అర్థమవుతుంది. 1989 సెప్టెంబర్‌లో యాంకీస్ తరఫున హోమ్ రన్ కొట్టి, అదే వారంలో అట్లాంటా ఫాల్కన్స్ ఫుట్‌బాల్ జట్టు తరఫున మొదటి మ్యాచ్‌లోనే టచ్‌డౌన్ (మన ఫుట్‌బాల్‌లో గోల్ లాంటిది) చేశాడు. బేస్‌బాల్‌ ఫైనల్ వరల్డ్ సిరీస్, ఫుట్‌బాల్‌ ఫైనల్ సూపర్ బౌల్ రెండూ ఆడినవాడు ఇప్పటికీ అతనొక్కడే. ఫుట్‌బాల్‌లో అతని స్థానం కార్నర్‌బ్యాక్. బో రన్నింగ్ బ్యాక్. రన్నింగ్ బ్యాక్ అంటే బంతి పట్టుకున్న ప్రతిసారీ అవతలి జట్టంతా వాడి మీదే పడుతుంది. కార్నర్‌బ్యాక్ పని ఎదుటి జట్టులో బంతి అందుకునేవాడి వెంట పరుగెత్తి బంతి అందకుండా చేయడం, అందులోనూ డియోన్‌కి ఒకరి మీద పడి కొట్టడం అంటే పెద్దగా ఇష్టం లేదని అందరికీ తెలుసు, దాని మీద జోకులు కూడా ఉన్నాయి. జోకులు వేసుకోనీండి, అతను 2005 దాకా ఫుట్‌బాల్ ఆడాడు, 2001 దాకా బేస్‌బాల్ ఆడాడు. ఒంటిని కాపాడుకునే స్థానం దొరికింది, రెండు ఆటల్లోనూ అమ్ముకున్నది ఒకటే సరుకు, వేగం. 1992లో బేస్‌బాల్ నేషనల్ లీగ్‌లో అందరికంటే ఎక్కువ ట్రిపుల్స్ (ఒకే దెబ్బకి మూడో బేస్ దాకా పరుగెత్తడం), 14, అతనివే.

అయినా అతనికీ తేదీల దగ్గరే గొడవ. 1992 అక్టోబర్ 11 ఆదివారం. బేస్‌బాల్‌లో అతని జట్టు బ్రేవ్స్ లీగ్ ఫైనల్స్ ఆడుతోంది, పిట్స్‌బర్గ్‌లో. ముందురోజు రాత్రి కూడా అక్కడే మ్యాచ్. డియోన్ అక్కణ్నుంచి మయామీకి ఎగిరి, మధ్యాహ్నం ఫాల్కన్స్‌కి ఫుట్‌బాల్ మ్యాచ్ ఆడి, సాయంత్రం మళ్లీ విమానం ఎక్కి పిట్స్‌బర్గ్‌కి వచ్చి రాత్రి బేస్‌బాల్ డ్రెస్ వేసుకుని కూర్చున్నాడు. ఒకే రోజు రెండు ప్రొఫెషనల్ ఆటల్లో ఆడినవాడిగా చరిత్రలో నిలిచిపోదామని. బ్రేవ్స్ వాళ్లు అతన్ని మైదానంలోకి దింపనే లేదు. ఫాల్కన్స్ ఓడింది, బ్రేవ్స్ కూడా ఓడింది. బ్రేవ్స్ యాజమాన్యానికి ఒళ్లు మండింది, టీవీలో టిమ్ మెక్‌కార్వర్ అనే వ్యాఖ్యాత ఇది తప్పని తిట్టిపోశాడు, దానికి డియోన్ ఆ సిరీస్ గెలిచిన రాత్రి లాకర్ రూమ్‌లో ఆయన మీద బకెట్లతో చల్లటి నీళ్లు పోశాడు. ఆ తర్వాత వరల్డ్ సిరీస్‌లో .533 కొట్టాడు, నోరు మూయించాడు, అది వేరే సంగతి. ఆ ఆదివారం సాయంత్రం అతను బెంచీ మీద కూర్చున్న ఫోటోని మాత్రం మీ వాడికి చూపించండి. ఇద్దరు యజమానులకి ఒక రోజు ఒకడే మనిషి చాలడు.

ఇప్పుడు అంత కూడా కుదరదు. అమెరికా ఫుట్‌బాల్ ఆటగాళ్ల మామూలు ఒప్పందంలోనే క్లబ్ అనుమతి లేకుండా దెబ్బలు తగిలే ప్రమాదం ఉన్న వేరే పనులు చేయకూడదని ఉంటుంది. కైలర్ మర్రే అని ఒక కుర్రాడు, 2018లో ఓక్లాండ్ బేస్‌బాల్ జట్టు తొమ్మిదో పేరుగా తీసుకుని 46.6 లక్షల డాలర్ల బోనస్‌కి ఒప్పుకుంది. ఆ ఏడాదే ఆ అబ్బాయి కాలేజీ ఫుట్‌బాల్‌లో హైస్మన్ గెలిచాడు. 2019లో ఫుట్‌బాల్ డ్రాఫ్ట్‌లో మొదటి పేరు అయ్యాడు. రెండూ ఆడతానన్న మాటే రాలేదు, తీసుకున్న బోనస్‌లో చాలా భాగం వెనక్కి ఇచ్చేసి, రావాల్సింది వదులుకుని బేస్‌బాల్‌కి దండం పెట్టాడు. బో కాలానికీ ఇతనికీ మధ్య టాలెంట్ తగ్గిందా? లేదు, డబ్బు పెరిగింది.

డబ్బు పెరిగేకొద్దీ రెండు ఆటల వాళ్లు మాయమైపోతారు, ఇది బాగా కనపడేది మహిళల ఆటల్లో. ఎలిస్ పెర్రీ మీకు తెలుసు, బెంగళూరు ఆర్‌సీబీకి ఆడింది. ఆమె 2007లో పదహారేళ్ల వయసులో కొద్ది వారాల తేడాతో ఆస్ట్రేలియాకి క్రికెట్‌లోనూ ఫుట్‌బాల్‌లోనూ అడుగుపెట్టింది. 2011లో జర్మనీలో మహిళల ఫుట్‌బాల్ ప్రపంచకప్ క్వార్టర్‌ఫైనల్లో స్వీడన్ మీద పెనాల్టీ ఏరియా బయట్నుంచి ఎడమ కాలితో కొట్టిన గోల్ ఒకటుంది, దొరికితే చూడండి, ఇదేదో టైంపాస్‌కి ఆడే క్రికెటర్ కాదని అర్థమవుతుంది. అప్పట్లో రెండు ఆటల్లోనూ పెద్దగా డబ్బు లేదు, కాబట్టి ఎవరూ ఆమెని పూర్తిగా కొనుక్కోలేదు. 2012లో ఆమె ఫుట్‌బాల్ క్లబ్ కాన్‌బెర్రా ఫుట్‌బాల్‌కే మొదటి పీట వేయమంది, ఆమె సిడ్నీకి మారిపోయింది, సిడ్నీ వాళ్లు సర్దుకున్నారు. తర్వాత 2015లో ఆస్ట్రేలియా మహిళల క్రికెట్ లీగ్ బిగ్ బాష్ వచ్చింది, జీతాలు పెరిగాయి, రెండు లీగ్‌లూ వాళ్ల ఎండాకాలంలోనే, తేదీలు నేరుగా ఢీకొన్నాయి. ఎవరూ బహిరంగంగా ఏమీ ప్రకటించకుండానే ఫుట్‌బాల్ ఆగిపోయింది. 2017లో ఇంగ్లండ్ మీద టెస్టులో 213 నాటౌట్ కొట్టినప్పటికి ఆమె పూర్తిగా క్రికెటరే.

మన దగ్గర ఈ కథ అంతకన్నా పాతది, తెలుగువాళ్లదే. బుచ్చిబాబు టోర్నమెంట్ పేరు వినే ఉంటారు, మద్రాసు క్రికెట్‌కి ఆద్యుడు బుచ్చిబాబు నాయుడు, మద్రాసులో స్థిరపడిన తెలుగు కుటుంబం. ఆయన కొడుకు కోటా రామస్వామి 1922లో డేవిస్ కప్‌లో భారత్ తరఫున టెన్నిస్ ఆడాడు. పద్నాలుగేళ్ల తర్వాత, 1936లో, నలభై ఏళ్ల వయసులో మాంచెస్టర్‌లో మొదటి క్రికెట్ టెస్టు ఆడి 40, 60 పరుగులు చేశాడు. రెండే టెస్టులు, సగటు 56.66. అదే 1936లో మద్రాసుకే చెందిన ఎం.జె. గోపాలన్‌కి వచ్చిన చిక్కు చూడండి. ఫాస్ట్ బౌలర్, హాకీ ఆటగాడు, 1935లో ధ్యాన్‌చంద్ జట్టుతో న్యూజిలాండ్ కూడా వెళ్లొచ్చాడు. బెర్లిన్ ఒలింపిక్స్ హాకీ, ఇంగ్లండ్ క్రికెట్ పర్యటన, రెండూ ఒకే వేసవిలో. క్రికెట్ ఎంచుకుని ఓడ ఎక్కాడు. ఇంగ్లండ్‌లో ఒక్క టెస్టూ ఆడించలేదు. హాకీ జట్టు బెర్లిన్ నుంచి బంగారు పతకంతో తిరిగొచ్చింది. పాపం, ఎప్పుడు చదివినా మనసు చివుక్కుమంటుంది.

వాళ్లిద్దరికీ ఆట కూడు పెట్టలేదు, గోపాలన్‌కి బర్మా షెల్ కంపెనీలో ఉద్యోగం ఉండేది. ఆట మీద బతకక్కర్లేనప్పుడు రెండు కాదు మూడు ఆడుకోవచ్చు. ఆటే బతుకుతెరువు అయినప్పుడు సమస్య.

మధ్యలో ఒక మాట, వాట్సాప్‌లో తిరిగే ఏబీ డివిలియర్స్ జాబితా మీ వాడికి కూడా వచ్చే ఉంటుంది, హాకీ జాతీయ జట్టు, ఈతలో రికార్డులు, రగ్బీ కెప్టెన్ అంటూ. అది చాలావరకు కట్టుకథ, 2016లో వచ్చిన ఆత్మకథలో డివిలియర్సే స్వయంగా ఒక్కొక్కటీ కొట్టిపారేశాడు. జాంటీ రోడ్స్ హాకీ మాత్రం నిజం, 1992 ఒలింపిక్స్ అర్హత పోటీల దక్షిణాఫ్రికా జట్టులో ఉన్నాడు, జట్టే అర్హత సాధించలేదు.

ఒకదాని తర్వాత ఒకటి అయితే దారి ఉంది. ఆష్లీ బార్టీ 2011లో వింబుల్డన్ జూనియర్ టైటిల్ గెలిచింది, 2014లో విసిగిపోయి టెన్నిస్ పక్కన పెట్టింది, బ్రిస్బేన్ హీట్‌కి ఒక సీజన్ బిగ్ బాష్ క్రికెట్ ఆడింది, మొదటి మ్యాచ్‌లోనే 27 బంతుల్లో 39. 2016లో టెన్నిస్‌కి తిరిగొచ్చి 2019 ఫ్రెంచ్ ఓపెన్, 2021 వింబుల్డన్, 2022 ఆస్ట్రేలియన్ ఓపెన్ గెలిచి, నంబర్ వన్‌గా ఉండగానే రిటైరైంది. క్రికెట్ ఆమెకి సెలవులాగా పనిచేసింది. మన క్రికెట్ స్పిన్నర్ చహల్ కూడా చిన్నప్పుడు చదరంగంలో దేశం తరఫున జూనియర్ పోటీలు ఆడినవాడే, స్పాన్సర్ దొరక్క అది వదిలేశాడు. అక్కడ కూడా తేల్చింది డబ్బే చూశారా.

ఇక మీ వాడి సంగతి.

నాకు అన్నిటికన్నా భయం వేస్తున్నది వాడి భుజం, నడుము గురించి. ఫాస్ట్ బౌలింగ్, బ్యాడ్మింటన్ స్మాష్, రెండూ ఒకే చెయ్యి పైకెత్తి విసిరే పని. కబడ్డీ, చదరంగం అయితే ఇంత కంగారు పడను. కుడిచేత్తో ఉదయం ఆరు ఓవర్లు వేసి, సాయంత్రం అదే చేత్తో వందల స్మాష్‌లు కొడితే భుజానికి అది రెండు ఆటలు కాదు, ఒకే ఆట రెండు పూటలు. పైగా ఎదిగే వయసులో ఫాస్ట్ బౌలర్లకి నడుము కింది ఎముకల్లో సన్నటి పగుళ్లు వస్తాయి, అందుకే ఇంగ్లండ్, ఆస్ట్రేలియాల్లో కుర్ర బౌలర్లు రోజుకి ఇన్ని ఓవర్లే వేయాలని కొలత పెట్టారు. మన దగ్గర ఆ లెక్క ఎవరూ రాయరు. రెండు అకాడమీలు వేరు కాబట్టి వాడు పొద్దున్న ఎంత వేశాడో సాయంత్రం కోచ్‌కి తెలియదు, సాయంత్రం ఎంత కొట్టాడో పొద్దుటి కోచ్‌కి తెలియదు. ఆ లెక్క మీరు రాయాలి. ఒక నోట్‌బుక్ పెట్టండి, రోజుకి ఎన్ని బంతులు, ఎన్ని గంటల షటిల్, ఎక్కడ నొప్పి. రెండు ఆటల గంటలూ కలిపి వారానికి వాడి వయసు అంకెని దాటకుండా చూడండి, పద్నాలుగేళ్లయితే పద్నాలుగు గంటలు. ఇది చాలామంది స్పోర్ట్స్ డాక్టర్లు వాడే మోటు లెక్క. వారంలో ఒక రోజు పూర్తిగా ఏమీ వద్దు, ఇంట్లో పడుకోనివ్వండి. వెనక్కి వంగినప్పుడు నడుములో ఒక పక్కన నొప్పి అన్నాడంటే బామ్ రాసి పంపకండి, బౌలింగ్ ఆపించి ఎముకల డాక్టర్‌కి చూపించండి.

రెండూ ఆడనివ్వమని ఎందుకు చెబుతున్నానంటే, అమెరికాలో పిల్లల వైద్యుల అకాడమీ 2016లో చెప్పింది కూడా అదే, చాలా ఆటల్లో పదిహేను పదహారేళ్ల దాకా ఒకదానికే కట్టేయొద్దని. ఒకే ఆటకి చిన్నప్పుడే కట్టేసిన పిల్లలకి అవే కీళ్లు అరుగుతాయి, విసుగొచ్చి మానేసేవాళ్లూ ఎక్కువ. కానీ బ్యాడ్మింటన్ కొంచెం తేడా అని కూడా చెప్పాలి. అందులో మంచివాళ్లు పదమూడు పద్నాలుగేళ్లకే గంటలకు గంటలు కోర్టులో ఉంటారు. జిల్లాలో గెలుస్తున్నాడు అన్నారు, రాష్ట్ర ర్యాంకింగ్‌లో ఎక్కడున్నాడో రాయలేదు. పద్నాలుగేళ్లకి రాష్ట్ర స్థాయిలో మొదటి పదిమందిలో కూడా లేకపోతే, నిష్ఠూరంగా చెబుతున్నాను అనుకోకండి, అందులో ప్రొఫెషనల్ దారి చాలా ఇరుకు. ఫాస్ట్ బౌలర్‌కి అలా కాదు. పదిహేడు పద్దెనిమిదేళ్లకి ఒళ్లు వచ్చాక వేగం పెరిగిన వాళ్లు ఎందరో. కాబట్టి రెండిట్లో ఏది ఆలస్యాన్ని తట్టుకుంటుందో దాన్ని వెనక్కి నెట్టొచ్చు, తట్టుకోనిదాన్ని వెనక్కి నెట్టలేం. మామూలుగా అందరూ దీనికి తలకిందులుగా చేస్తారు, క్రికెట్‌లో డబ్బుంది కదా అని ముందు రెండోది మాన్పిస్తారు.

కోచ్‌ల ఒత్తిడి గురించి. ఇద్దరూ చెడ్డవాళ్లు కాకపోవచ్చు, కానీ ఇద్దరికీ పిల్లాడు తమ అకాడమీ బోర్డు మీద కనిపించాలనే ఉంటుంది, నెల ఫీజు సంగతి సరేసరి. నా దగ్గర ఒకమ్మాయి ఉండేది, ఖోఖో, నాలుగు వందల మీటర్ల పరుగు, రెండూ. రెండిట్లోనూ ఆమె తేదీలు ముందే తెచ్చి నా బల్ల మీద పెట్టేది, ఇది, ఇది ఢీకొంటున్నాయి సార్, ఏది వదలమంటారు అని. ఇంటర్ రెండో ఏడు యూనివర్సిటీ సీటుకి ఏ సర్టిఫికెట్ పనికొస్తుందో లెక్కేసుకుని పరుగుని ఎంచుకుంది. ఖోఖో వదిలేయలేదు, జిల్లా స్థాయిలో ఆడుతూనే ఉంది. తేల్చుకోవడం అంటే రెండోది పూడ్చిపెట్టడం అని ఎవరన్నారు? స్పోర్ట్స్ కోటా మీ ఆలోచనలో ఉంటే ఇది గుర్తుపెట్టుకోండి, రెండు ఆటల్లో జిల్లా సర్టిఫికెట్ల కట్ట కన్నా ఒక ఆటలో జాతీయ స్థాయి సర్టిఫికెట్ ఒకటి ఎక్కువ పలుకుతుంది.

అందుకని మీరు చేయాల్సింది: క్రికెట్‌లో అండర్-16 ఎంపికలు, విజయ్ మర్చంట్ ట్రోఫీ చలికాలంలో ఉంటాయి, బ్యాడ్మింటన్ ర్యాంకింగ్ టోర్నీలు ఏడాది పొడవునా ఉంటాయి. రెండింటి తేదీలూ ఒకే కాగితం మీద రాయించండి, వాడి చేతే రాయించండి. ఢీకొన్న చోట ఏది ఆడాలో వాడే చెప్పాలి, మీరు చెప్పకండి. మూడు నాలుగు సార్లు అలా ఎంచుకున్నాక వాడి మనసు ఎటుందో మీకే తెలిసిపోతుంది, వాడికి కూడా. తర్వాత ఆ కాగితం పట్టుకుని ఇద్దరు కోచ్‌లనూ కలవండి. ఒకసారి సర్దుకుంటామన్న కోచ్‌ని నమ్మండి. తన తేదీ ఒక్కటి పోయినా ఒప్పుకోననేవాడి దగ్గర, పిల్లాడు ఒకే ఆట ఆడినా సుఖపడడు.

వాడు కుడిచేతివాడో ఎడమచేతివాడో, వారానికి ఎన్ని రోజులు బౌలింగ్ వేస్తున్నాడో, భుజంలో గానీ నడుములో గానీ నొప్పి అన్నాడో లేదో, రాష్ట్ర ర్యాంకింగ్ ఎంతో, ఈ నాలుగూ కింద రాయండి. నొప్పి ఉందంటే మాత్రం మిగతావన్నీ పక్కన పెట్టి ముందు ఈ వారమే డాక్టర్ దగ్గరికి వెళ్లి రండి, ఆ తర్వాత మాట్లాడుకుందాం.